మేకు ఒక్కటే, టన్నుల లెక్క మాత్రం పూర్తి: సోషలిస్టు దేశాల ఆఫీసు సెటైర్ షార్ట్ ఫిల్ములు చూసినవాళ్ళు రండి

రెండో_రీలు:
ఈ మధ్య పాత సోవియట్ షార్ట్ ఫిల్ములు వరసపెట్టి చూస్తున్నా, సబ్‌టైటిల్స్ ఉన్నవీ లేనివీ అన్నీ. అందులో ‘ఫితిల్’ అని ఒకటి తగిలింది. 1962లో మొదలైన సినిమా పత్రిక అంట. పత్రిక అంటే కాగితం మీద కాదు, ఓ పది నిమిషాల రీలు, హాల్లో అసలు సినిమాకి ముందు వేసేవాళ్ళు. ఒక్కో సంచికలో రెండు మూడు ముక్కలుంటాయి, ఒకటి నిజంగా ఏదో ఊరెళ్ళి తీసిన డాక్యుమెంటరీ, ఇంకోటి నటుల్ని పెట్టి తీసిన చిన్న కామెడీ, ఒక్కోసారి కార్టూన్. మొత్తం తిట్లే. సంతకం పెట్టని ఆఫీసరు, ఎవరూ కొనని సరుకు తయారుచేసే ఫ్యాక్టరీ, డబ్బుపోసి తెప్పించిన మిషన్లు మంచులో తుప్పు పట్టిపోవడం, ఇవీ సబ్జెక్టులు.

నా డౌట్ ఏంటంటే, స్టూడియో గవర్నమెంటుదే, హాలు గవర్నమెంటుదే, తిట్టేవాడికి జీతమిచ్చేదీ గవర్నమెంటే, తిట్లు తినేదీ గవర్నమెంటు ఆఫీసే. మరి ఈ బండి అన్నేళ్ళు ఎలా నడిచింది? సోవియట్ ఒక్కటే కాదు, పోలండ్, తూర్పు జర్మనీ, చెకోస్లొవేకియా ఏదైనా పర్లేదు. ఫుల్ లెంగ్త్ సినిమాలు మాత్రం వద్దు, షార్ట్సే.

కజాన్_డాక్టర్:
నేను ఎంబీబీఎస్ రష్యాలోనే చదివా కాబట్టి భాష వచ్చు, మా హాస్టల్ కాపలా బామ్మగారికి ఇవంటే ప్రాణం, టీవీలో పాత ముక్కలు వస్తే సౌండ్ పెంచి మరీ పిలిచేది.

ఫితిల్ అంటే ఒత్తి. డైనమైట్‌కి ఉంటుందే, ఆ ఒత్తి. టైటిల్స్‌లోనే అది కాలుకుంటూ వెళ్ళి ఢామ్మని పేలుతుంది. దీనికి చీఫ్ ఎడిటర్ ఎవరో తెలిస్తే మీ డౌట్‌కి సగం జవాబు దొరికినట్టే. సెర్గేయ్ మిఖల్కోవ్. పిల్లల కవి, నీతికథలు రాసేవాడు, అన్నిటికన్నా ముఖ్యంగా సోవియట్ జాతీయగీతం రాసిన ఇద్దరిలో ఒకడు. 1940ల్లో స్టాలిన్ పేరుతో రాశాడు, 1977లో స్టాలిన్ పేరు తీసేసి మళ్ళీ రాశాడు, దేశమే పోయాక 2000లో రష్యాకి అదే ట్యూన్ మీద ఇంకోసారి రాశాడు. అలాంటాయన చేతిలో పెట్టారు దేశాన్ని వెక్కిరించే పని. ఎవరు ఎంతవరకు వెళ్ళచ్చో ఆయనకి ఒకరు చెప్పక్కర్లేదు కదా.

అలాగని చప్పగా ఉంటాయనుకోకండి. గైదాయ్ లాంటి టాప్ కామెడీ డైరెక్టర్లు వీటికి ముక్కలు తీశారు, పేరున్న నటులు రెండు నిమిషాల వేషాలేశారు. పిల్లలకి విడిగా ‘యెరలాష్’ అని 1974లో మొదలుపెట్టారు, అది ఇప్పటికీ జనానికి తెలుసు.

పాతబస్తీ_చాయ్:
అన్నా మనకు గూడ ఉండె గదా సిన్మాకి ముందు రీలు. సర్కారు ఫిల్మ్స్ డివిజన్‌ది. డ్యామ్ కట్టిండ్రు, మంత్రిగారు రిబ్బన్ కట్ చేసిండ్రు, పొలంల ట్రాక్టర్ పోతుంది, రైతు నవ్వుతుండు. గది వచ్చిందంటే మా నాయిన బయటికి పోయి సిగరెట్ ముట్టిచ్చేటోడు. గదే రీలుల ఒక్కసారన్న "ఈ డ్యామ్ కాల్వకి నీళ్ళు ఎందుకు రాలే" అని అడుగుతె జనం లోపల్నే కూసుందురు గదా. రష్యావోళ్ళకి గా తెలివన్న ఉండె.

ఫైల్_కదలదు:
తెలివే, అందులో డౌట్ లేదు. ఎవడి తెలివి అన్నదే ప్రశ్న. ఇది కుక్కర్ విజిల్ అండీ, ఇంకేం కాదు. జనం లైన్లో నిలబడి నిలబడి మండిపోతుంటారు, హాల్లో పది నిమిషాలు చిన్న గుమాస్తాని చూపించి నవ్విస్తే ఆవిరి పోతుంది, తర్వాత హాయిగా లవ్ స్టోరీ చూసి ఇంటికెళ్తారు. అన్నేళ్ళలో ఒక్క సంచికలో అయినా పొలిట్‌బ్యూరో మీద ముక్క పడిందా? ఎంత తయారుచేయాలో పైనుంచి ఇచ్చే ప్లానే తప్పు అని అన్నారా? హౌసింగ్ ఆఫీసు మేనేజరు, కొట్టు మేనేజరు, మహా అయితే కొన్ని ఫ్యాక్టరీలు కలిపిన ట్రస్టుకి డైరెక్టరు, అక్కడితో నిచ్చెన అయిపోతుంది. తూర్పు జర్మనీలోనూ ఇదే కథ, డెఫా స్టూడియో వాళ్ళు 1953 నుంచి 1964 దాకా ‘ముళ్ళపంది’ అని అర్థమొచ్చే పేరుతో ఇలాంటి బుల్లి ఫిల్ములు సినిమాకి ముందు వేశారు. 1953 అంటే గుర్తుంది కదా, జూన్‌లో బెర్లిన్ కార్మికులు వీధిలోకొస్తే ట్యాంకులు దింపిన సంవత్సరం. ముళ్ళున్నాయి, ఎవరికి గుచ్చుకోవాలో మాత్రం పైవాళ్ళే చెప్తారు.

స్టోర్స్_బాబాయ్:
పిల్లలూ, నేను సినిమా మనిషిని కాను, ఒక ప్రభుత్వ రంగ కర్మాగారంలో స్టోర్స్‌లో పనిచేసి రిటైరయ్యాను, పేరు అడగొద్దు. రష్యన్ ఎక్స్‌పర్టులతో కలిసి పనిచేసిన రోజులున్నాయి కాబట్టి ఆ జోకులు కొన్ని మా చెవిన పడేవి. మీరు పెట్టిన టైటిల్‌లో ఉన్న మేకు సంగతి తెలియని వాళ్ళకోసం చెప్తాను.

‘క్రొకొదీల్’ అని వాళ్ళ హాస్య పత్రిక ఉండేది, 1922 నుంచి. అందులో ఒక కార్టూన్, మేకుల ఫ్యాక్టరీలో క్రేన్‌కి ఒకే ఒక్క బ్రహ్మాండమైన మేకు వేలాడుతుంటుంది, నెల ప్లాన్ మొత్తం అదొక్కటే. ఎందుకంటే ప్లాన్ టన్నుల్లో ఇచ్చారు. టన్నులు నిండాయి, ఇంక మేకు ఎందుకు పనికొస్తుందో అడిగేవాడెవడు? ఇదేదో కార్టూనిస్టు అతిశయోక్తి అనుకునేరు, 1959లో సాక్షాత్తూ దేశాధినేత క్రుశ్చేవే ఇదే గోల పెట్టుకున్నాడు, ఇళ్ళల్లో వేలాడదీసే షాండ్లియర్లు రాను రాను బరువెక్కిపోతున్నాయి, ఫ్యాక్టరీకి లెక్క టన్నుల్లో కడుతున్నాం కాబట్టి అని.

ఇంకోటి, నెలని మూడు ముక్కలు చేసి చెప్పేవాళ్ళు. మొదటి పది రోజులు నిద్ర, రెండో పది రోజులు ఒళ్ళు విరుచుకోవడం, చివరి పది రోజులు జ్వరం. సరుకు రాదు కాబట్టి నిద్ర, వచ్చాక మెల్లగా కదలడం, నెలాఖరుకి ప్లాన్ గుర్తొచ్చి రాత్రింబవళ్ళు మిషన్లు విరగ్గొట్టడం. అందుకే అక్కడ జనం ఫ్రిజ్జో టీవీయో కొంటే కాగితంలో తయారీ తేదీ చూసేవాళ్ళట, నెలాఖరుది అయితే వద్దని.

ఇది విని మేం నవ్వేవాళ్ళం, నవ్వేసి మార్చి నెలలో మా పని మేం చేసేవాళ్ళం. బడ్జెట్ మురిగిపోతుందని మార్చి 31 లోపు ఏదో ఒకటి కొనెయ్యాలి. నా స్టోర్స్‌లో ఒక సైజు గాస్కెట్లు ఉండేవి, ఆ సైజు వాడే పంపు తీసేసి ఏళ్ళయింది, అయినా సరుకు కావాలనే ఇండెంట్ ఆటోమేటిక్‌గా వచ్చేది, సరుకూ వచ్చేది, నేను ర్యాక్‌లో సరుకు లెక్క రాసే బిన్ కార్డు మీద ఎక్కించేవాణ్ణి. ఆడిట్ వాళ్ళొచ్చి కార్డుకీ ర్యాక్‌కీ లెక్క సరిపోయిందా అని చూసేవాళ్ళు. సరిపోయేది. అసలు ఎందుకు కొన్నారయ్యా అని అడగడం వాళ్ళ ఫార్మాట్‌లో లేదు.

రెండో_రీలు:
బాబాయ్ గారూ ఈ గాస్కెట్ల కథ అచ్చం ఫితిల్ ముక్కే 😀 కెమెరా ర్యాక్ మీదనుంచి మెల్లగా జరుగుతూ పోతే చాలు.

ఫైల్_కదలదు:
బాబాయ్ గారూ ఒక్క మాట. మీ మీద ఫితిల్ వాళ్ళు ముక్క తీస్తే ఎవరు దొరికేవాళ్ళు? మీరు. స్టోర్స్ కీపర్ నిద్రపోతున్నాడు, పనికిరాని గాస్కెట్లు కుప్పపోశాడు అని. ఇండెంట్ సిస్టం పెట్టినవాడు దొరుకుతాడా? నేను చెప్పేది అదే.

స్టోర్స్_బాబాయ్:
అవును నాయనా, అందులో నీతో తగాదా లేదు. నన్ను తీసేసి నాకంటే బుద్ధిమంతుణ్ణి కూర్చోబెట్టినా గాస్కెట్లు వచ్చేవి. మేకుల ఫ్యాక్టరీ డైరెక్టరు కూడా తెలివితక్కువవాడు కాదు, ఆ కుర్చీలో నువ్వున్నా నేనున్నా లావు మేకే చేస్తాం. చిన్న మేకులు చేస్తే కార్మికులకి బోనస్ పోతుంది.

కజాన్_డాక్టర్:
ఇక్కడే నాకు బాగా నచ్చిన ఫిల్మ్ చెప్పాలి. సోవియట్ కామెడీ డైరెక్టర్ రిజానవ్ తీసిన ‘రాబిన్సన్ ఎలా తయారయ్యాడు’, 1961. అప్పుడు ‘పూర్తిగా సీరియస్’ అనే అర్థంలో ఐదు షార్ట్స్ కలిపి ఒక సంకలనంగా వదిలారు, అందులో ఒకటి ఇది. మూలం ఇల్ఫ్-పెత్రోవ్ అనే హాస్య రచయితల జంట 1932లో రాసిన కథ.

కథేంటంటే, ఒక పత్రిక ఎడిటరు రచయితని పిలిచి పిల్లలకోసం సీరియల్ రాయమంటాడు. రాబిన్సన్ క్రూసో లాంటిదే కావాలి, కానీ మన సోవియట్ రాబిన్సన్. రచయిత రాసుకొస్తాడు. ఓడ మునిగింది, ఒక్కడే ఒడ్డుకి కొట్టుకొచ్చాడు, కష్టపడి బతికాడు. ఎడిటరు చదివి, బాగుందండీ, కానీ ఇందులో యూనియన్ కమిటీ ఏది? అంటాడు. అయ్యా నిర్జన ద్వీపమండీ. నిర్జనమే అనుకోండి, కానీ కమిటీ ఉండాలి కదా, సోవియట్ సమాజం కనపడాలి కదా. సరే ఇంకొంతమంది కూడా కొట్టుకొచ్చినట్టు రాస్తాడు. కమిటీ ఛైర్మను, ఇద్దరు ఫుల్‌టైం సభ్యులు, చందాలు వసూలు చేసే ఒక మహిళా కార్యకర్త. చందాలు వసూలు చేస్తే ఎక్కడ పెడుతుంది? ఇనప్పెట్టె కావాలి, నిప్పంటుకోనిది. అదీ సముద్రమే విసిరేస్తుంది. మీటింగుకి బల్ల కావాలి. బల్లమీద గుడ్డ కావాలి, నీళ్ళ జగ్గు కావాలి, గంట కావాలి. ఇవన్నీ అలలు ఒక్కొక్కటే ఒడ్డుకి చేరుస్తాయి. తర్వాత, కమిటీ ఉందిగానీ విశాల ప్రజానీకం ఏరీ? ప్రజానీకాన్ని కూడా అలే తెచ్చి పడేస్తుంది. చివరికి ఎడిటరు అంటాడు, ఇంత చక్కని జనం, ఇంత చక్కని పని, మధ్యలో ఈ రాబిన్సన్ ఎవడండీ ఏడుపుమొహం వేసుకుని, తీసెయ్యండి వాణ్ణి.

ఫైల్_కదలదు గారూ, ఈ ఎడిటరు చెడ్డవాడు కాదు చూడండి. అరవడు, బెదిరించడు, ఎంతో మర్యాదగా మాట్లాడతాడు. వాడి భయమల్లా రేపు పైనుంచి ఎవరైనా "యూనియన్ ఏదీ" అని అడిగితే ఏం చెప్పాలన్నదే. 1932లో రాసింది 1961లో ఒక్క మాట పాతబడలేదంటే ఆ ఇరవై తొమ్మిదేళ్ళలో ఏం మారినట్టు?

సీమ_సామి:
యూనియన్ చందాకి ఇనప్పెట్టి 😂😂 యాడ తెచ్చినార్రా సామీ ఇట్లాంటివి. మా మండలాఫీసులో గూడ అంతే, కొత్త స్కీము వచ్చిందంటే ముందు బల్ల, దానిపైన గుడ్డ, ఆ తర్వాత ఫ్లెక్సీ. లబ్ధిదారుడు ఆఖర్న వస్తాడు. ఒక్కోసారి రాడు.

లైన్లో_నిలబడ్డ_అక్క:
ఆలస్యంగా వచ్చాను కానీ ఈ డిస్కషన్ వదలబుద్ధి కావట్లేదు. నేను ఫిల్మ్ స్టడీస్ చదివేటప్పుడు తూర్పు యూరప్ షార్ట్స్ మీద పేపర్ రాశాను, అందులోంచి రెండు చెప్తాను, రెండూ ఫితిల్ కంటే భయపెట్టేవి.

మొదటిది పోలండ్ డైరెక్టర్ కీస్లోవ్‌స్కీ అక్కడి వూజ్ ఊరి ఫిల్మ్ స్కూల్లో స్టూడెంట్‌గా ఉండగా 1966లో తీసింది, పేరు ‘ఆఫీసు’. ఐదారు నిమిషాలే. పెన్షన్ల ఆఫీసు కౌంటరు, చిన్న కిటికీ, ఇవతల ముసలివాళ్ళు, అవతల గుమాస్తా. మొహాలు, చేతులు, కాగితాలు, స్టాంపులు, అంతే. మాటలు విడిగా వినిపిస్తుంటాయి, ఆ మాట అన్న మనిషి తెరమీద ఉండకపోవచ్చు. ఈ కాగితం సరిపోదు, ఇంకో కాగితం తేవాలి, ఇది రుజువు కాదు. చివర్లో కెమెరా ఫైళ్ళ ర్యాకుల మీదికి వెళ్తుంది, పైనుంచి గుమాస్తా ఆవిడ గొంతు ఒక ఫారం నింపడం గురించి చెప్తూనే ఉంటుంది, జీవితమంతా ఏమేం చేశారో రాయండి అని. వినడానికి మామూలు కాలమే, సర్వీసు వివరాలు అన్నట్టు. కానీ ఆ ర్యాకుల మీద ఆ వాక్యం పడేసరికి మనకి వేరేగా వినిపిస్తుంది. ఇందులో నవ్వించే ప్రయత్నమే లేదు, అయినా మా క్లాసులో సగంమంది నవ్వారు, మిగతా సగంమంది వాళ్ళ అమ్మమ్మ లైఫ్ సర్టిఫికెట్ గుర్తొచ్చి ఊరుకున్నారు.

రెండోది చెక్ ఫిల్మ్, ‘యోసెఫ్ కిలియాన్’, 1963, పావెల్ యురాచెక్, యాన్ ష్మిట్ కలిసి తీశారు. ప్రాగ్‌లో ఒకతను ఎవరో కిలియాన్ అనే మనిషిని వెతుక్కుంటూ వెళ్తుంటే దారిలో ప్రభుత్వం నడిపే పిల్లుల అద్దె షాపు కనపడుతుంది. అవును, పిల్లులు అద్దెకిచ్చే షాపు. ఎందుకో తెలీదు, లోపలికెళ్ళి ఒక పిల్లిని అద్దెకి తీసుకుంటాడు. తిరిగి ఇచ్చేద్దామని వస్తే షాపు లేదు. ఆ చోట షాపు ఎప్పుడూ ఉన్నట్టే ఎవరికీ తెలీదు. అద్దె గడువు దాటిపోతోంది, చేతిలో పిల్లి ఉంది, తీసుకునేవాడు లేడు. పిల్లిని బ్యాగులో వేసుకుని ఆఫీసులు తిరుగుతాడు.

పాతబస్తీ_చాయ్:
పిల్లిని వాపస్ ఇయ్యనీకి ఆఫీసులు తిరుగుడా 😭 అక్కా గిది ఎంతసేపు ఉంటది?

లైన్లో_నిలబడ్డ_అక్క:
38 నిమిషాలు తమ్ముడూ.

సీమ_సామి:
38 నిమిషాలంటే షార్టా కాదా? టాపిక్ పెట్టినాయన షార్ట్సే అన్నాడే. ఎన్ని నిమిషాల దంకా షార్టు కిందికొస్తుందో ఒక సర్క్యులర్ ఇయ్యండప్పా.

రెండో_రీలు:
దరఖాస్తు మూడు కాపీల్లో పెట్టండి, గెజిటెడ్ సంతకంతో. పరిశీలిస్తాం.

లైన్లో_నిలబడ్డ_అక్క:
హహ. సరే, అసలు విషయానికొస్తా. ఫైల్_కదలదు గారు అన్నదాన్ని నేను కొంచెం మార్చి చెప్తాను. ఈ ఫిల్ములన్నిటినీ విలన్ ఉన్నవీ విలన్ లేనివీ అని విడగొట్టి చూడండి. ఫితిల్ మామూలు ముక్కలో విలన్ ఉంటాడు, లావుపాటి మేనేజరు, ఫోన్ పెట్టేస్తాడు, మధ్యాహ్నం భోజనానికెళ్ళి రాడు. వాణ్ణి తీసేస్తే సమస్య తీరినట్టు అనిపిస్తుంది, కాబట్టి పైవాళ్ళకి ఏ ఇబ్బందీ లేదు, పైగా మేం శిక్షించాం చూడండి అని చెప్పుకోవచ్చు. కీస్లోవ్‌స్కీ ఆఫీసులో విలన్ లేడు, ఆ కౌంటర్లో ఆవిడ రూలు చదువుతోంది అంతే. కిలియాన్‌లో అసలు ఎదురుపడే మనిషే లేడు. విలన్ లేకపోతే ప్రేక్షకుడు కోపం ఎక్కడ పెట్టుకోవాలి? వ్యవస్థ మీదే పెట్టుకోవాలి. సెన్సారు వాళ్ళు భయపడాల్సింది అలాంటి వాటికే.

కీస్లోవ్‌స్కీదే 1972లో ఇంకోటుంది, ‘పల్లవి’ అనుకోండి, చనిపోయినవాళ్ళ బంధువులు అంత్యక్రియల ఆఫీసుకొస్తారు, స్థలం, రేటు, కాగితాలు. ఏడవడానికి కూడా ఖాళీ ఉండదు. దాని చివర్లో పుట్టిన పసిపిల్లల చేతులకి నంబర్లు కడుతుంటారు. ఇందులోనూ ఎవరూ చెడ్డగా ప్రవర్తించరు.

కజాన్_డాక్టర్:
అక్కా మీరు చెప్పింది ఒప్పుకుంటాను కానీ ఒక అన్యాయం జరుగుతోంది ఫితిల్‌కి. కీస్లోవ్‌స్కీ స్టూడెంట్ ఫిల్మ్ ఎంతమంది చూశారు అప్పట్లో? ఫితిల్ ఊరూరా మామూలు హాళ్ళలో ఆడింది, పొలం నుంచి వచ్చిన మనిషి, రైల్వే మనిషి, బామ్మ, అందరూ చూశారు. వాళ్ళేమీ "ఓహో ఈ ఒక్క మేనేజరే చెడ్డవాడు" అనుకునే అమాయకులు కాదు. మా హాస్టల్ బామ్మ ఏ ముక్క చూసినా చివర్లో "మా ఫ్యాక్టరీలోనూ ఇంతే" అనేది. తెరమీద ఒక్కడు, బామ్మ లెక్కలో అందరూ.

ఇంకో విషయం, డాక్యుమెంటరీ ముక్కల్లో ఫ్యాక్టరీ నిజం, మంచులో మిషను నిజం, మైకు ముందు నీళ్ళు నములుతున్న డైరెక్టరు నిజం. అతని పక్క టౌనులో ఉన్నవాడు అది హాల్లో కూర్చుని చూసి మర్నాడు తన గోడౌను సర్దుకుంటాడా లేదా? అక్కడ పత్రికల్లో ఒక విమర్శ వచ్చిందంటే ఆ ఆఫీసు "చర్యలు తీసుకున్నాం" అని జవాబివ్వాల్సిందే, అది పద్ధతి.

ఫైల్_కదలదు:
"చర్యలు తీసుకున్నాం" అని జవాబు రాయడానికి మళ్ళీ ఒక గుమాస్తా, ఒక ఫైలు, ఒక ఇన్‌వర్డ్ నంబరు. ఫితిల్ దెబ్బకి తగ్గిందా బ్యూరోక్రసీ, పెరిగిందా?

స్టోర్స్_బాబాయ్:
హహహ. ఆడిట్ పేరాకి, అంటే ఆడిట్ వాళ్ళు రాసిన అభ్యంతరానికి, రిప్లై రాసే సెక్షన్ అని మా దగ్గర విడిగా ఒకటి ఉండేది. దాని మీద కూడా ఆడిట్ పేరా వచ్చింది, రిప్లైలు ఆలస్యమవుతున్నాయని.

కజాన్_డాక్టర్:
బాబాయ్ గారూ మీరు స్క్రిప్టులు రాయాల్సింది.

కార్టూన్‌పిచ్చి:
ఎవ్వరూ యానిమేషన్ మాట ఎత్తట్లేదేంటి. సోవియట్ కార్టూన్ డైరెక్టర్ ఫ్యోదర్ ఖిత్రుక్ అసలు. 1966లో ‘ఫ్రేములో మనిషి’, ఒక మామూలు మనిషి ఫొటో ఫ్రేములో ఉంటాడు, పదవిలో పైకి ఎక్కుతున్నకొద్దీ ఫ్రేము మందం అవుతుంది, నగిషీలొస్తాయి, బంగారు పూత వస్తుంది. బయట ఎవరో పిలుస్తుంటారు, కాలు బయట పెడదామనుకుంటాడు, ఫ్రేము పాడవుతుందని ఆగిపోతాడు. పోను పోను మనిషి మసకబారి ఫ్రేమే మిగులుతుంది. మాటలు చాలా తక్కువ కాబట్టి భాష రాకపోయినా పర్లేదు.

1968లో ‘ఫిల్మ్, ఫిల్మ్, ఫిల్మ్’, ఇది మాత్రం పడీపడీ నవ్వచ్చు. సినిమా ఎలా తీస్తారు అన్నదే కథ. రచయిత స్క్రిప్టు రాసి తీసుకెళ్తే ఒక బల్ల నుంచి ఇంకో బల్లకి తిరుగుతుంది, ఒక్కో బల్ల దగ్గర ఒక్కోడు దిద్దుతాడు. ఈ సినిమా తీసిన స్టూడియో కూడా సరిగ్గా అలాంటి బల్లల కిందే పనిచేసేది కదా, సొంత ఇంటి కథే తీశారు. ఖిత్రుక్‌కి తర్వాత 1974లో ‘ద్వీపం’ అనే షార్ట్‌కి కాన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో బహుమతి వచ్చింది, అదీ ద్వీపంలో చిక్కుకున్నవాడి కథే. వాడి పక్కనుంచి ఎన్నో ఓడలు పోతుంటాయి, ఒక్కడూ ఎక్కించుకోడు. డాక్టర్ గారి రాబిన్సన్ పక్కనే పెట్టి చూడాలి దాన్ని.

సీమ_సామి:
నాకొకటి అర్థం కాల్యా. మన ఇండ్లల్లో గూడ రష్యా పుస్తకాలు బోలెడుండె, విశాలాంధ్రవాళ్ళ దగ్గర చవగ్గా దొరికేవి, మా తాత ‘సోవియట్ భూమి’ పత్రిక తెప్పిచ్చేవాడు, ఆ నున్నటి కాగితాలు మేం టెక్స్టుబుక్కులకి అట్టలేసుకునేవాళ్ళం. అందులో అంతా నవ్వే కార్మికులే, తళతళా మెరిసే మిషన్లే. ఇట్లా తమను తాము ఎగతాళి చేసుకునేవి ఒక్కటీ మన దంకా రాల్యా ఎందుకు?

స్టోర్స్_బాబాయ్:
పెళ్ళిచూపులకి ఇల్లు ఊడ్చి పెడతారు గానీ ఇంట్లో తగాదాలు వినిపిస్తారా అబ్బాయ్. ఎక్స్‌పోర్టుకి నవ్వే కార్మికుడు, లోపల వాడకానికి మేకు కార్టూను.

ఫైల్_కదలదు:
అంటే బయటికి గొప్పలు, లోపల విజిల్. నా పాయింటే బలపడింది 🙂

లైన్లో_నిలబడ్డ_అక్క:
మీ విజిల్ సిద్ధాంతంలో నాకు నచ్చనిది ఒక్కటే, అందులో ప్రేక్షకుడు ఉత్త అమాయకుడు, నవ్వాడంటే మర్చిపోయాడని. నవ్వు అలా పనిచేస్తుందని నేననుకోను. పైగా తీసేవాళ్ళు కూడా అంత విధేయులు కాదు, గుమాస్తాని తిట్టమంటే తిడుతున్నట్టే ఉండి వెనకాల గోడమీద ప్లాన్ చార్టు వేలాడదీస్తారు. చూసేవాడి కన్ను ఎటు పోవాలో వాడిష్టం. మరీ ఎక్కువైతే పైవాళ్ళకీ అర్థమవుతుంది. 1968లో సోవియట్ సైన్యం దిగిన తర్వాత చెక్ వాళ్ళకి ఏమైందో చూడండి, యురాచెక్‌ని సినిమా తీయనివ్వలేదు మళ్ళీ. ఉత్త విజిలే అయితే అంత శిక్ష ఎందుకు?

ఫైల్_కదలదు:
యురాచెక్‌కి శిక్ష పడింది, మిఖల్కోవ్‌కి బిరుదులు పడ్డాయి. ఎవరిది విజిల్, ఎవరిది కాదో మీరే తేల్చేశారు కదా అక్కా. నేను ఫితిల్ గురించే అన్నా, కిలియాన్ గురించి కాదు.

లైన్లో_నిలబడ్డ_అక్క:
ఫితిల్‌లో తీసినవాళ్ళందరూ మిఖల్కోవ్‌లు కాదు కదా. అక్కడ గైదాయ్ ఉన్నాడు, రోజూ కెమెరా పట్టుకుని గోడౌన్ల చుట్టూ తిరిగిన పేరు తెలియని మనుషులున్నారు. వాళ్ళు తీసింది ఈరోజు చూస్తే ఆ ఎకానమీ ఎలా నడిచిందో ఏ రిపోర్టులోనూ దొరకనంతగా కనపడుతుంది. ఎడిటర్ని చూసి రీళ్ళు పారేస్తామా?

పాతబస్తీ_చాయ్:
అవన్ని సరే గని, మనది గూడ ప్లాన్ల దేశమే ఉండె గదా, పంచవర్ష ప్రణాళిక, లైసెన్సు, పర్మిటు, కోటా అన్ని ఉండె. మనోళ్ళు ఎవరన్న గిట్ల తీసిండ్రా లేదా?

రెండో_రీలు:
దూరదర్శన్‌లో జస్పాల్ భట్టీ ‘ఫ్లాప్ షో’, 1989. అసలు అది కూడా సర్కారీ చానెలే, ఏడో ప్రణాళిక నడుస్తున్న టైము. పది ఎపిసోడ్లే. మెడికల్ రీయింబర్స్‌మెంట్ ఎపిసోడ్ చూశారా, జబ్బు లేని ఇంట్లో బిల్లుల కోసం జబ్బులు పుట్టుకొస్తాయి. ప్రతి ఎపిసోడ్నీ ముందుగా ఎవరో ఒకరికి వెటకారంగా అంకితమిచ్చేవాడు. సినిమా రీలు కాదు గానీ ఎత్తుగడ అదే, గవర్నమెంటు డబ్బుతో గవర్నమెంటు మీద.

కార్టూన్‌పిచ్చి:
హిందీ రాకపోయినా మా ఇంట్లో అందరూ చూసేవాళ్ళు, మా పెదనాన్న మాత్రం లేచి వెళ్ళిపోయేవాడు, ఆయన బిల్లులు పాస్ చేసే సెక్షన్‌లో పని.

స్టోర్స్_బాబాయ్:
భట్టీ బాగా తీశాడు, అందులో డౌట్ లేదు. కానీ అక్కయ్యగారి లెక్క ప్రకారం చూస్తే అందులో అందరూ దొంగలే, విలన్లు నిండుగా ఉన్నారు. దొంగ బిల్లు పెట్టినవాడు, పాస్ చేసినవాడు, డాక్టరు. నా గాస్కెట్లలో దొంగతనం లేదు చూడండి, ఒక్క పైసా ఎవరూ తినలేదు. అయినా ర్యాక్ నిండింది. మన దగ్గర ఏ సెటైర్ చూసినా లంచం దగ్గరికే వచ్చి ఆగుతుంది. లంచం లేకుండా, అందరూ నిజాయితీగా పనిచేస్తూ మేకు తయారవడం, అది తీసినవాడు మనలో నాకైతే కనపడలేదు.

కజాన్_డాక్టర్:
ఇది నేను రాసి పెట్టుకుంటున్నా బాబాయ్ గారూ. రిజానవ్ ఎడిటరు కూడా లంచం అడగడు సరిగ్గా.

సీమ_సామి:
అయితే రాబిన్సన్‌కి తెలుగు సబ్‌టైటిల్స్ ఎవురన్నా చేస్తారా లేదా? రష్యన్ వచ్చినాయన ఒక్కడే ఉండాడు ఈడ.

కజాన్_డాక్టర్:
పొట్టి ఫిల్మే, వచ్చే వారం నైట్ డ్యూటీలు అయ్యాక కూర్చుంటా. టైమింగ్ పెట్టడం నాకు రాదు, అది ఎవరైనా చూసుకోండి. ఫితిల్ ముక్కలు మాత్రం కష్టం, సగం జోకులు ఆ కాలం ఆఫీసుల పేర్ల మీదే ఉంటాయి.

కార్టూన్‌పిచ్చి:
టైమింగ్ నేను పెడతా. పేర్ల దగ్గర నోట్ ఇచ్చేద్దాం, జనం చదువుకుంటారు.

పాతబస్తీ_చాయ్:
గదయ్యే దాక ఆగలేను గని గ పిల్లి సిన్మా లింక్ పెట్టక్కా ముందుగాల, రాత్రికి చూస్త.

లైన్లో_నిలబడ్డ_అక్క:
పర్సనల్ మెసేజ్‌లో పంపాను చూడు. ఇంగ్లీష్ సబ్‌టైటిల్స్ ఉన్న ప్రింటే, కొంచెం మసకగా ఉంటుంది. పక్కన తిండి పెట్టుకోకు, మధ్యలో ఆపబుద్ధి కాదు.